ఎర్ర వెలుగులో వంకర అక్షరాలు

నేను ఒక బ్యాటరీ లైటును. రెండు సెల్లులు పట్టే ఇత్తడి ఒళ్ళు, ముందు అద్దం, వెనక విప్పుకునే మూత, పక్కన బొటనవేలితో ముందుకు తోసే మీట. మా జాతి వాళ్ళంతా ఎంత దూరం వెలుగు కొడతామా అని పోటీ పడతారు. అట్టపెట్టెల మీద కూడా అదే రాసి అమ్ముతారు. నేను మాత్రం నా జీవితంలో ఎక్కువ భాగం ఎంత తక్కువ వెలగాలో నేర్చుకుంటూ గడిపాను. ఈ మాట తోటి లైట్లతో చెబితే నవ్వుతాయి. మీరు నవ్వరనే నమ్మకంతో చెబుతున్నాను.

నేను పుట్టిన ఫ్యాక్టరీ ఎక్కడుందో నాకు తెలియదు. గడ్డి పరిచిన చెక్కపెట్టెలో పడుకుని వచ్చాను, దారి చూడలేదు. అక్కడి సంగతుల్లో ఒక్కటే గుర్తుంది. అన్నీ బిగించాక ఒకామె నన్ను చేతిలోకి తీసుకుని, గోడ మీద వెలిగించి చూసి, తల ఊపి పక్కన పెట్టింది. నాకు దొరికిన మొదటి మెప్పు అది. ఆ తర్వాత చాలా ఏళ్ళ దాకా మళ్ళీ దొరకలేదు. మనుషులు లైటు వెలిగితే ఏమీ అనరు, వెలగకపోతేనే దాన్ని అరచేత్తో కొడతారు.

కనిగిరి బజారులో నన్ను కొన్నవాడు పెంచలయ్య. టూరింగ్ టాకీసులో గేటు దగ్గర నిలబడి టికెట్టు చించడం, ఆట మొదలయ్యాక వచ్చినవాళ్ళకి చోటు చూపించడం అతని పని. గుడారం లోపల నేల, బెంచీ, కుర్చీ అని మూడు తరగతులు. నేల టికెట్టు కొని చీకటి పడగానే బెంచీల్లోకి పాక్కుంటూ వచ్చేవాళ్ళని చూశాను. ఏడుపు సీన్లో పక్కవాళ్ళకి తెలియకుండా పైపంచెతో ముక్కు తుడుచుకునే పెద్ద మీసాల ఆసాములని చూశాను. పెంచలయ్య మాత్రం నన్ను ఎవరి మొహం మీదా వేయలేదు. "చీకట్లో కూర్చున్న మనిషి మొహాన లైటు కొట్టగూడదయ్యా, కాళ్ళ దగ్గర వెయ్యాల. దారి కనపడితే చాలు," అనేవాడు.

ఇళ్ళల్లోకి టీవీలు వచ్చాయి, గుడారం ఎత్తేశారు. పెంచలయ్య మా ఊరి చివర కరెంటు సబ్‌స్టేషన్లో వాచ్‌మన్‌గా కుదిరాడు. నేనూ అతనితో వెళ్ళాను. కొన్నేళ్ళకి అతనికి చూపు మందగించింది. పని మానేసే రోజున నన్ను అక్కడి షిఫ్టు ఆపరేటరు మాల్యాద్రి చేతిలో పెట్టి, "నాకింక పగలైనా రాత్రైనా ఒకటేనయ్యా, నువ్వుంచుకో," అన్నాడు. నవ్వుతూనే అన్నాడు గాని నన్ను వదిలేటప్పుడు అతని వేళ్ళు కొంచెం ఆలస్యం చేశాయి.

సబ్‌స్టేషన్ అంటే పెద్ద లైనులో వచ్చిన కరెంటుని చుట్టుపక్కల ఊళ్ళకి పంచే చోటు. ఒక్కో వైపు పోయే లైనుని ఫీడరు అంటారు. మా దగ్గర మూడు ఉండేవి. బియ్యం మిల్లు వైపు పోయేది మిల్లు ఫీడరు, బత్తాయి తోటల వైపు పోయేది తోటల ఫీడరు, హైస్కూలూ దాని చుట్టూ నాలుగిళ్ళూ ఉన్నది బడి ఫీడరు. గంట గంటకీ ఒక్కోదాని మీటరు ముల్లు ఎక్కడుందో చూసి పుస్తకంలో రాయడం మాల్యాద్రి ఉద్యోగం. ఆ పని అతను పూజ చేసినట్టు చేసేవాడు.

కరెంటు వాళ్ళ దగ్గరికి మనుషులు తిట్టడానికే వస్తారు. ఒక సాయంత్రం హైస్కూల్లో సైన్సు చెప్పే సుదర్శనం మాస్టారు వచ్చారు. మాల్యాద్రి తిట్లకి సిద్ధపడి లేచి నిలబడ్డాడు.

"రేపు కోత ఎన్నింటికి?" అన్నారు మాస్టారు.

"ఏడున్నర నుంచి తొమ్మిదిన్నర దాకా సార్. నా చేతుల్లో లేదు, పైనుంచి ఆర్డరు."

"అబ్బా, రెండు గంటలేనా? ఇంకో గంట తియ్యగూడదూ?"

మాల్యాద్రి అది వెటకారం అనుకుని ఊరుకున్నాడు. కాదు. మాస్టారికి చీకటి కావాలి. ఆయన నక్షత్రాల వెలుగు పెరగడం, తగ్గడం చూసి రాసుకునే మనిషి. అలా చూసేవాళ్ళు జిల్లా అంతా కలిపి పదిమంది కూడా లేరు. వాళ్ళు రాసినవన్నీ ఈయన పోగుచేసి, దేశదేశాల లెక్కలు ఒకచోట చేర్చే సంఘానికి పంపుతారు. ఆ రోజు గోడ పక్కన కుర్చీలో కూర్చుని, మాల్యాద్రి ఏడు గంటల రీడింగులు రాయడం చూశారు.

"ముల్లు ఉన్నచోట రాస్తావా, ఉండాల్సిన చోట రాస్తావా?" అని అడిగారు.

"ఉన్నచోటే సార్. ఉండాల్సిన చోట రాసేవాడు మా శేషగిరి," అని మాల్యాద్రి తన కథ ఎత్తుకున్నాడు.

ఆ కథ నేను ఎన్నిసార్లు విన్నానో చెప్పలేను. శేషగిరి రాత్రి షిఫ్టు ఎక్కగానే ఎనిమిది గంటల రీడింగులూ ఒకేసారి రాసేసి, బల్ల మీద దుప్పటి పరుచుకుని పడుకునేవాడు. ఒకనాటి రాత్రి రెండుంపావుకి ట్రాన్స్‌ఫార్మరు కాలిపోయింది. ఊరంతా పొగ. తెల్లారి ఇంజినీరు వచ్చి పుస్తకం తీస్తే, మూడింటికి నూట పది ఆంపియర్లు, నాలుగింటికి నూట పదిహేను, ఐదింటికి మళ్ళీ నూట పది. "కాలిన ట్రాన్స్‌ఫార్మరు తెల్లవార్లూ కరెంటు ఇచ్చిందంట సార్!" అని మాల్యాద్రి పొట్ట పట్టుకుని నవ్వాడు. మాస్టారూ నవ్వారు. తర్వాత నవ్వు ఆపి, "నాకొక చుక్క చూసి పెట్టు మాల్యాద్రీ," అన్నారు.

తేలు ఆకారంలో ఉండే నక్షత్రాల గుంపు తల దగ్గర అనూరాధ చుక్కలు మూడు ఉంటాయి. వాటి పక్కన ఉందట ఈ చుక్క. మనుషులు పెట్టిన పేరు లేదు, పటంలో ఒక నంబరు ఉంది. మామూలు రోజుల్లో బైనాక్యులరుకి కూడా అందదు. నిజానికి అవి రెండు చుక్కలు. ఒకటి రెండోదాని ఒంటి మీది వాయువుని లాక్కుని తన మీద పోగేసుకుంటుంది. ఆ పోగు ముప్ఫై నలభై ఏళ్ళకి భగ్గుమంటుంది. ఒక్క రాత్రిలో వేల రెట్లు వెలిగి, కొన్నాళ్ళకి మళ్ళీ కనపడకుండా పోతుంది. కిందటిసారి అది వెలిగిననాటికి మాల్యాద్రి పుట్టలేదు.

"కనపడని దాన్ని రోజూ ఏం చూడమంటారు సార్?"

"కనపడలేదని నువ్వు రోజూ రాస్తేనే గదయ్యా, అది ఎప్పుడు మొదలైందో తెలిసేది! కనపడలేదన్నది కూడా రీడింగే."

ఆ మాట మాల్యాద్రికి నచ్చింది. మాస్టారు తన పాత బైనాక్యులరు ఇచ్చారు. నాకు మాత్రం ఆ రోజు పెద్ద అవమానం జరిగింది. తెల్లని వెలుగు తగిలితే చీకటికి అలవాటు పడ్డ కళ్ళు చెదిరిపోతాయనీ, మళ్ళీ సర్దుకోవడానికి అరగంట పడుతుందనీ చెప్పి, బడిలో డాన్సుల లైట్లకి కట్టే ఎర్ర జిగేలు కాగితం రెండు మడతలు పెట్టి నా మొహానికి చుట్టారు. సైకిలు ట్యూబు కోసి తీసిన రబ్బరుతో బిగించారు. నేను ముసుగు వేసుకున్న దొంగలా ఉన్నానని మాల్యాద్రి భార్య రమణమ్మ నవ్వింది. కొన్నాళ్ళకి పెంచలయ్య మాట గుర్తొచ్చి సమాధానపడ్డాను. మొహాన కొట్టకుండా, దారి మాత్రం చూపించే పనే ఇదీను.

అలా మేడ మీద మా పని మొదలైంది. చుక్క పక్కనున్న మూడు చుక్కలతో పోల్చి చూడాలి. వాటికి మాల్యాద్రి తన ఫీడర్ల పేర్లే పెట్టుకున్నాడు. బాగా వెలిగేది మిల్లు, దానికంటే చిన్నది తోటలు, కళ్ళు చికిలిస్తే గాని ఆననిది బడి. బడి చుక్క కనపడి, మనది కనపడకపోతే, పుస్తకంలో రాసే మాట ఒకటే: "కనపడలేదు. బడి కంటే తక్కువ." పక్కన తారీఖూ, టైమూ. రాసేటప్పుడు నన్ను చంకలో ఇరికించుకుని, పుస్తకం మోకాలి మీద పెట్టుకుని, ఆ ఎర్ర మసకలో గీకేవాడు. అక్షరాలు గీత మీద నిలబడవు. కొన్ని పైకెక్కుతాయి, కొన్ని కిందికి జారుతాయి, కొన్ని పక్క వరస మీద పడుకుంటాయి. పదకొండేళ్ళలో, మబ్బులు పట్టిన రోజులూ చుక్క సూర్యుడి వెనక ఉండే నెలలూ పోగా, అలాంటి వరసలు రెండు వేల పైచిలుకు అయ్యాయి. అన్నిటిలోనూ ఒకటే సమాచారం: కనపడలేదు. రోజూ మెట్లెక్కి, లేనిదాన్ని లేదని చూసి దిగొచ్చే మనిషిని చూస్తే మొదట్లో నాకు జాలేసేది. తర్వాత అలవాటైంది. అలవాటైన జాలిని గౌరవం అంటారేమో.

మాల్యాద్రికి ఒక్కతే కూతురు, అంకమ్మ. నాయనమ్మ పేరు. బడిలో తోటిపిల్లలు "ఏం నాయనమ్మా, మోకాళ్ళు నొప్పులా?" అని ఏడిపించేవాళ్ళట. ఆ పిల్ల నోట్లోంచి మాట రావడం కష్టం. హాజరు పలికినా సారుకి వినపడక ఆబ్సెంటు పడేది. "వచ్చాను సార్," అని లేచి చెప్పడం కంటే ఆబ్సెంటు పడటమే నయమనుకునేది. కాని మేడ మీద, చీకట్లో, ఎవరూ లేనిచోట ఆమె కళ్ళు మహా చురుకు. తండ్రికి మూడు వారాలకోసారి మధ్యాహ్నం రెండు నుంచి రాత్రి పది దాకా షిఫ్టు పడేది. ఆ వారం చుక్కని చూసి రాసే పని అంకమ్మది. రెండేళ్ళుగా చేస్తోంది. ఆమె చేతిలో నేను వణికేదాన్ని కాను. ఆమె ఊపిరి కూడా ఆపి చూసేది.

ఆ ఏడాది ఆమె పదో తరగతి రాసింది. జూన్ మొదటి వారం. ఎదురింటి కోటమ్మ ఇంటికి ఒంగోలు నుంచి చుట్టాలు దిగారు. వేసవి కదా, అందరూ మేడ మీదే పక్కలు వేసుకునేవాళ్ళు. మంగళవారం సాయంత్రం అంకమ్మ బైనాక్యులరు ఎత్తగానే ఎదురు మేడ మీంచి కోటమ్మ గొంతు లేచింది.

"ఏందే పిల్లా, మా ఇంట్లో ఇయ్యాల కూరేందో కనపడిందా?"

చుట్టాలంతా గొల్లుమన్నారు. ఇంకెవరో, "కూర కాదత్తా, మా బావని చూస్తున్నట్టుంది," అన్నారు.

"ఎదిగిన పిల్ల చేతికి దుర్భిణి ఇచ్చి మేడెక్కించాడమ్మా మాల్యాద్రి! వాడి బుద్ధికేమైందో," అంది కోటమ్మ. ఆమె మనసులో పెద్ద కల్మషం లేదు. నలుగురు చుట్టూ ఉంటే నోరు ఆగదు, అంతే. అంకమ్మ ఎలాగో ఆ రోజు రీడింగు రాసి కిందికి దిగింది. నేను ఆమె చేతిలో ఉన్నాను కాబట్టి నాకు తెలుసు, ఆ చేయి మంచుగడ్డలా ఉంది.

బుధవారం నన్ను ఎవరూ ముట్టుకోలేదు.

వసారాలో తలుపు పక్కన మేకుకి వేలాడుతూ నేను చూస్తూనే ఉన్నాను. ఏడున్నరకి ఎదురు మేడ మీద మంచాలు జరుపుతున్న చప్పుడూ, నవ్వులూ వినపడ్డాయి. అంకమ్మ మెట్ల దాకా వెళ్ళి వెనక్కి వచ్చింది. మళ్ళీ వెళ్ళింది, మళ్ళీ వచ్చింది. పుస్తకం తీసుకుని ట్యూబులైటు కింద కూర్చుంది. పదకొండేళ్ళుగా కనపడనిది ఈ ఒక్కరోజూ కనపడుతుందా అనుకుని ఉంటుంది. తారీఖు వేసింది, టైము మాత్రం రోజూ పైన చూసే వేళకి, ఎనిమిది నలభై అని వేసింది. అప్పటికి గడియారంలో ఏడూ నలభై ఐదు. "కనపడలేదు. బడి కంటే తక్కువ." పుస్తకం మూసి అన్నానికి లేచింది.

గురువారం ఉదయం ఫోను మోగింది. మాల్యాద్రి వసారాలోనే గడ్డం గీసుకుంటున్నాడు. రిటైరై ఒంగోల్లో ఉంటున్న సుదర్శనం మాస్టారి గొంతు పక్కింటికి కూడా వినపడేంత ఉంది.

"మాల్యాద్రీ! పేలిందయ్యా! మన చుక్క పేలింది! రాత్రి మన టైము పదింపావుకి ఆస్ట్రేలియాలో ఒకాయన చూశాడు. మిల్లు కంటే ఎక్కువ వెలుగు! రాత్రి నువ్వు చూశావా?"

"నేను డ్యూటీలో ఉన్నా సార్. మా పాప చూసి ఉంటది, ఉండండి." సబ్బు నురగ మొహంతోనే పుస్తకం తెచ్చి తెరిచాడు. "ఎనిమిదీ నలభై... కనపడలేదు... బడి కంటే..." అతని గొంతు నెమ్మదించింది. మాస్టారు అవతల అది గమనించలేదు.

"ఎనిమిది నలభైకి లేదు, పదింపావుకి ఉంది! గంటన్నరలో మొదలైంది! ఇంత దగ్గరగా ఎవరూ పట్టుకోలేదయ్యా! ఆ చుక్క నిద్రలో ఉండగా చివరగా చూసిన మనిషి మీ అంకమ్మ! ఇప్పుడే అందరికీ మెసేజీ పెడతా. ఒంగోల్లో సభ పెట్టి శాలువా కప్పాల్సిందే. పేపరు వాళ్ళని పిలుస్తా."

ఫోను పెట్టేశాక మాల్యాద్రి ఆ పేజీని చాలాసేపు చూశాడు. నేనూ పై నుంచి చూశాను. పైన ఉన్న వరసలన్నీ తాగినవాళ్ళలా తూలుతున్నాయి. ఆ ఒక్క వరస మాత్రం గీత మీద బుద్ధిగా, బడిలో చేతులు కట్టుకున్న పిల్లలా కూర్చుని ఉంది. ముందే రాసిన రీడింగులు ఎలా ఉంటాయో మాల్యాద్రికి ఒకరు చెప్పాలా? అతను పుస్తకం మూసి, గడ్డం సగంలో వదిలేసి, మొహం కడుక్కున్నాడు.

మధ్యాహ్నం అన్నాల దగ్గర రమణమ్మ సంతోషం పట్టలేకపోయింది. "మన పిల్ల శేషగిరి మాదిరి కాదయ్యా, మేడెక్కి చూసి రాసింది. చెప్పవే ఏమేం చూశావో," అంది. తండ్రి చేతిలో ముద్ద ఆగింది, కూతురి చేతిలో ముద్దా ఆగింది. ఇద్దరూ ఒకరినొకరు చూసుకోలేదు. మాల్యాద్రి ఆ రోజు శేషగిరి కథ చెప్పలేదు. క్యారేజీ తీసుకుని డ్యూటీకి వెళ్ళిపోయాడు.

అంకమ్మ మధ్యాహ్నమంతా గోడ వైపు తిరిగి పడుకుంది. ఆమె మనసులో ఏముందో నాకు చెప్పలేదు గాని నాకు తోచింది చెబుతాను. ఊరుకుంటే ఎవరికీ తెలియదు. శాలువా కూడా వస్తుంది. చెబితే ఒక్క వరసతో పోదు. ఒక దొంగ వరస ఉన్న పుస్తకంలో మిగతావి నిజమని ఎవరు నమ్ముతారు? నాన్న పదకొండేళ్ళు మెట్లెక్కి దిగినదంతా అనుమానంలో పడుతుంది. పోనీ ఊరుకుందామంటే, ఆ చుక్క గురించి లెక్కలు వేసేవాళ్ళంతా ఆమె చూడని చూపు మీద ఆధారపడతారు. హాజరు పలికి కూడా ఆబ్సెంటు వేయించుకునే పిల్ల, తాను లేనిచోట ఉన్నానని రాసుకుంది. అదే ఆమెని నమిలేస్తున్నట్టుంది.

సాయంత్రం ఐదున్నరకి లేచింది. మొహం కడుక్కుని, పుస్తకం చంకన పెట్టుకుని, మేకు మీది నన్ను తీసుకుంది. పగటి వెలుగులో నాతో పనేముంది? చేతిలో పట్టుకోవడానికి ఏదో ఒకటి కావాలి కాబోలు. సబ్‌స్టేషను కిలోమీటరు దూరం. ఎప్పుడూ తలొంచుకుని సందుల్లోంచి పోయే పిల్ల నడిబజారులోంచి నడిచింది. కోటమ్మ గుమ్మంలోంచి, "ఏమే, పగలు కూడా చుక్కలు చూస్తున్నావటే?" అంది. అంకమ్మ వినిపించుకోలేదు. సబ్‌స్టేషను గేటు తీసుకుని లోపలికి వెళ్ళి, కంట్రోలు రూము గుమ్మం దగ్గర నిలబడింది.

మాల్యాద్రి మీటర్ల ముందు ఉన్నాడు. తిరిగి చూడకుండానే, "ఆరు గంటల రీడింగు అయిపోనీ అమ్మా," అన్నాడు. ఒక్కో ముల్లూ చూసి రాశాడు. కలం మూసి, అప్పుడు తిరిగాడు.

"నాన్నా, నిన్న నేను పైకెళ్ళలేదు."

"తెలుసు."

"ఎట్టా?"

"అక్షరాలు గీత మీద కూర్చున్నాయి గదమ్మా."

అంకమ్మ ఏడవలేదు. ఏడిస్తే బాగుండునని నాకనిపించింది. నా మీట మీద ఆమె బొటనవేలు ముందుకీ వెనక్కీ పోతోంది, నేను పగటి వెలుగులో వెలుగుతూ ఆరుతూ ఉన్నాను.

"మరి పొద్దున్నే ఎందుకు చెప్పలేదు మాస్టారికి?" అంది.

"నోరు రాలేదు," అన్నాడు మాల్యాద్రి. "నా పుస్తకం గురించి అంత సంతోషంగా ఎవరూ మాట్లాడలేదమ్మా ఇన్నేళ్ళలో. రెండు నిమిషాలు విందామనుకున్నా. ఇంతలో ఫోను పెట్టేశారు. ఆ తర్వాత... నువ్వే వస్తావని కూర్చున్నా." ఫోను బయటికి తీసి, "నేను చెప్పేదా, నువ్వు చెబుతావా?" అన్నాడు.

ఫోనంటేనే భయపడే పిల్ల చేయి చాచింది.

ఆమె గొంతు మాస్టారికి మొదటిసారి వినపడలేదు. రెండోసారీ వినపడలేదు. మూడోసారి ఆమె గట్టిగా చెప్పింది, ఎంత గట్టిగా అంటే బయట ఇన్సులేటరు మీద వాలిన కాకి లేచిపోయింది. "నేను చూడలేదు మాస్టారూ! చూడకుండా రాశాను!"



"నేను పొద్దున్నే అందరికీ పంపేశానమ్మా," అన్నారు మాస్టారు. ఆ గొంతులో పొద్దుటి మనిషి లేడు. "ఇప్పుడు నా నోటితో నేనే కాదని చెప్పుకోవాలి. సరే, చెబుతాను. ఇంకెన్ని ఉన్నాయి ఇట్టాంటివి?"

"ఒక్కటే."

"ఎట్టా నమ్మమంటావు?"

అంకమ్మ తండ్రి వైపు చూసింది. అతను కిటికీలోంచి తన మూడు ఫీడర్ల తీగలని చూస్తున్నాడు. సాయం చేయలేదు.

"వంకర అక్షరాలన్నీ నిజమే మాస్టారూ," అంది.

మాస్టారు "పుస్తకం పంపించు," అని పెట్టేశారు.

పుస్తకం పంపే ముందు మాల్యాద్రి కలం ఇచ్చాడు. తప్పు రీడింగుని చెరిపేయకూడదనీ, కింద ఉన్నది కనపడేలా ఒక్క గీత కొట్టి, పక్కన సంతకం పెట్టాలనీ వాళ్ళ ఆఫీసు పద్ధతి. అంకమ్మ గీత కొట్టింది. "చూడలేదు" అని రాసి, కింద పూర్తి పేరు రాసింది. ఆ పుస్తకంలో ఆమె పేరు పడటం అదే మొదలు.

ఆ సాయంత్రం ఎనిమిదింటికే మేడెక్కాం. ఎదురు మేడ మీద కోటమ్మా, చుట్టాలూ సిద్ధంగా ఉన్నారు. అంకమ్మ బైనాక్యులరు ఎత్తింది. నేను చూడలేను గాని ఆమె ఊపిరి మారింది. మిల్లు కంటే కొంచెం తక్కువకి దిగింది చుక్క. ఆమె కిందికి వంగి తెల్లకాగితం మీద రాసుకుంది, వంకరగా.

"ఏందే అంతసేపు? ఏముంది అక్కడ?" అని కోటమ్మ అరిచింది.

"కొత్త చుక్క. వచ్చి చూడు పెద్దమ్మా," అంది అంకమ్మ. అంత గట్టిగా పిలిచినందుకు తానే ఉలిక్కిపడింది.

కోటమ్మ నిజంగానే వచ్చింది, ఆయాసపడుతూ మెట్లెక్కి. బైనాక్యులరు తలకిందులుగా పట్టుకుని, సరిచేయించుకుని, చాలాసేపు వెతికి, చూసింది. "ఇంతేనా? ఆవగింజలో సగం లేదే! దీనికోసమా మీ ఇంట్లో పొద్దుటినుంచీ ఎవరూ సరిగా అన్నం తినంది?" అంది. అని, బైనాక్యులరు మాత్రం దించలేదు. "నా కళ్ళకి ఆనింది చూశావటే! డాక్టరు కళ్ళజోడు మార్చమన్నాడు, దొంగమొహం," అంది మురిసిపోతూ.

పన్నెండో రోజున మాస్టారు స్వయంగా బస్సు దిగి వచ్చారు, పుస్తకం సంచిలో పెట్టుకుని. శాలువా లేదు, పేపరు వాళ్ళు లేరు. రమణమ్మ ఇచ్చిన మజ్జిగ తాగి, అంకమ్మని పిలిచి కూర్చోబెట్టారు.

"చీరాలలో మగ్గం నేసే ఏడుకొండలని ఒకడున్నాడమ్మా, మన వాడే, కొత్తగా చూడటం మొదలుపెట్టాడు. ఆ బుధవారం ఎనిమిదీ పదికే అతనికి మన చుక్క కనపడింది. బడి కంటే ఎక్కువ, తోటల కంటే తక్కువ. పొద్దున నా మెసేజీలో ఎనిమిది నలభైకి లేదని చూసి, 'పదకొండేళ్ళ పుస్తకం లేదంటుంటే నాకేం కనపడి ఉంటదిలే, నా కళ్ళే మోసం,' అనుకుని రాసిన కాగితం చూరులో దోపేశాడంట. నేను తప్పు దిద్దుకున్నాక అప్పుడు బయటికి తీశాడు." మాస్టారు గ్లాసు కింద పెట్టారు. "లోకంలో అందరికంటే ముందు చూసినవాడు వాడు. నువ్వు చెప్పకపోయుంటే ఆ కాగితం చూరులోనే ఉండేది."

అంకమ్మ తల వంచుకునే ఉంది. మాస్టారు పుస్తకం ఆమె ఒళ్ళో పెట్టారు.

"భూతద్దం పెట్టి అన్ని పేజీలూ చూశాను," అన్నారు. "ఒక్కటే."

మాల్యాద్రి లేచి, పనేదో ఉన్నట్టు పెరట్లోకి వెళ్ళిపోయాడు. చాలాసేపటికి గాని రాలేదు.

ఇప్పుడు నాకు వయసైంది. ఒకసారి సెల్లు పొంగి లోపలి స్ప్రింగు తుప్పు పట్టింది. నా బల్బు రకం బజారులో దొరకడం లేదు. ఉన్నది పోతే మళ్ళీ లేదు. రెండుసార్లు తడితే ఒకసారి వెలుగుతాను. అంకమ్మ ఇంటర్లో చేరింది. ఫోనులోనే ఎర్ర వెలుగు వస్తుందట, నన్ను మేకు మీదే ఉంచి అదే వాడుకోవచ్చు. వాడుకోదు. మీట తోసి, వెలగకపోతే, కొట్టకుండా, మెల్లగా తట్టి, ఆగుతుంది.

ఆ చుక్క నెల తిరక్కముందే తగ్గిపోయింది. రోజుకింత చొప్పున తోటల దాకా, తర్వాత బడి దాకా దిగింది. ఒక సాయంత్రం నాకు బాగా గుర్తుంది. అప్పటికి చుట్టాలు ఎప్పుడో వెళ్ళిపోయారు. ఎదురు మేడ మీద కోటమ్మ ఒక్కతే మంచం మీద పడుకుని, "ఉందా ఇయ్యాల?" అని అడిగింది. అంకమ్మ చూస్తూనే ఉంది. బైనాక్యులరు దించి కళ్ళు మూసుకుంది. తెరిచి మళ్ళీ చూసింది. బడి చుక్క ఉంది. దాని పక్కన ఏమీ లేదు.

నన్ను చంకలో ఇరికించుకుని, పుస్తకం మోకాలి మీద తెరిచింది. మొదటిసారి వెలగలేదు. తట్టింది, వెలిగాను. నా ఎర్ర మసకలో ఆమె రాసిన అక్షరాలు గీత దాటి పైకెక్కాయి, కిందికి జారాయి, చివరి మాట పక్క వరస మీద పడుకుంది.

కనపడలేదు. బడి కంటే తక్కువ.